అక్కచెల్లెండ్రు, అందని అమ్మ: అనితా దేశాయి ‘క్లియర్ లైట్ ఆఫ్ డే’ నవలా పరిశీలనము

భారతీయ సాహిత్యములలో మాతృమూర్తి చిత్రణము చాలవరకు రెండు త్రోవలలో నడచినది. ఒకటి కన్నబిడ్డల కొరకు సర్వమును ధారపోయు తల్లి. రెండవది బిడ్డలను బాధించు సవతితల్లి. మొదటిదానికి స్తోత్రములు, రెండవదానికి జానపద కథలు పుష్కలముగ నున్నవి. ఈ రెండింటికిని చెందని తల్లి యొకతె కలదు. ఆమె బిడ్డలను కొట్టదు, తిట్టదు, ఆకలితో మాడ్చదు. వారివైపు చూడదు, అంతే. తెలుగులో “అమ్మ పెట్టా పెట్టదు, అడుక్కు తినానివ్వదు” అను సామెత యున్నది. అది పట్టు విడువని తల్లిని గూర్చి చెప్పినది. పెట్టకయు, అడ్డు పెట్టకయు తన లోకమున తానుండు తల్లికి సామెత లేదు. పీడించు తల్లిపై తిరుగబడుటకు ఒక రూపమున్నది. చూపు నిలుపని తల్లినుండి విముక్తి పొందుట యెట్లు? పట్టుకొననిదానిని విడిపించుకొనుట సాధ్యమా? అనితా దేశాయి 1980లో ఆంగ్లమున ప్రకటించిన ‘క్లియర్ లైట్ ఆఫ్ డే’ నవల ఈ ప్రశ్నను ఇద్దరు అక్కచెల్లెండ్ర జీవితములద్వారా పరిశీలించుచున్నది.

అనితా దేశాయి 1937లో మస్సూరీలో జన్మించినది. తండ్రి వంగీయుడు, తల్లి జర్మను జాతీయురాలు. రచయిత్రి పెరిగినది ఢిల్లీలో, చదివినది అక్కడి మిరాండా హౌస్ కళాశాలలో. ప్రస్తుత నవల 1980లో బుకర్ బహుమానమునకు తుది పరిశీలనలో నిలిచిన గ్రంథములలో నొకటి. కథాస్థలము పాత ఢిల్లీలో యమునానది సమీపముననున్న ఒక పాతయిల్లు. దాసు కుటుంబమున నలుగురు సంతానము: రాజా, బిమల, తార, చివరివాడు బాబా. బాబాకు బుద్ధివికాసము లేదు, మాటయు అంతంత మాత్రము. పాత గ్రామఫోను రికార్డులను మరల మరల వినుచు కాలము గడపును. నవల నాలుగు భాగములు. మొదటి భాగమున నడివయస్సు సమీపించిన తార, విదేశాంగశాఖలో ఉన్నతోద్యోగి యగు భర్త బకుల్‌తో పుట్టింటికి వచ్చును. రెండవ భాగము 1947 నాటి వేసవికి, మూడవది బాల్యమునకు వెనుకకు నడచును. నాలుగవది మరల వర్తమానమునకు వచ్చును. ఈ వెనుకనడక కేవలము కథన చమత్కృతి కాదు. పెద్దలైన అక్కచెల్లెండ్ర మాటలలోని పదునునకు కారణము బాల్యమున నున్నది గనుక పాఠకుడు అక్కడకు ఆలస్యముగ చేరవలెనని రచయిత్రి సంకల్పము.

ఇక తల్లి. ఈమె నవలలో బహుస్వల్పముగ కనబడును. కనబడిన చోటులలో సాధారణముగ ముస్తాబగుచునో, పేకముక్కలు పట్టుకొనియో, క్లబ్బునకు బయలుదేరుచునో ఉండును. దంపతులకు రోషనారా క్లబ్బు, బ్రిడ్జి ఆట నిత్యకృత్యములు. ఇంట నాడునప్పుడు అతిథులు వత్తురు, పిల్లలు దూరమున నిలిచి తలుపులు మూయుట చూతురు. చివరి కాన్పు సమీపించిన దినములలో కూడ ఆమెకు పేకాట మానవలసి వచ్చుటయే కష్టముగ తోచినది. పుట్టిన బిడ్డ మందబుద్ధి యని తేలగా, సాకుటకు ఓపిక లేక, దూరపు బంధువైన ఒక వితంతువును పిలిపించినది. ఆమెకు మధుమేహవ్యాధి కలదు. భర్త ప్రతిదినము ఇన్సులిన్ సూది వేయును. ఒకనాడు తార ఆ దృశ్యము చూచి, తండ్రి తల్లిని చంపుచున్నాడని భ్రమపడినది. ఈ చిన్న సంఘటన నవలకు తాళపుచెవి వంటిది. తలిదండ్రుల జీవితమున మిక్కిలి సామాన్యమైన నిత్యవిధి, దాని అర్థమును చెప్పు పెద్దలు లేనందున, బిడ్డ మనస్సున హత్యగా నిలిచినది. ఆ యింట లోటు పడినది అన్నము కాదు, వస్త్రము కాదు, చదువు కాదు. సంగతి యిదియని చెప్పు ఒక మాట.

తల్లి 1947కు కొంత ముందు స్మృతి తప్పి ఆసుపత్రిలో మరణించును. కొద్ది కాలమునకే తండ్రి మోటారు ప్రమాదమున పోవును. ఈ రెండు మరణములును ఇంటి దినచర్యను ఆట్టే మార్చలేదనుట నవలలోని కఠినసత్యములలో నొకటి. ఉన్నపుడే లేనివారు పోయినందున కొత్తగ ఏర్పడు శూన్యమేమి? పిల్లలకు కలిగినది దుఃఖముకంటె దుఃఖము కలుగలేదను కలవరము.

ఆ దూరపు బంధువే మీరా మాసీ. ఈ పిలుపును గూర్చి భాషాపరముగ కొంత చెప్పవలసి యున్నది. హిందీ ‘మౌసీ’, వంగభాషలోని ‘మాసీ’ రెండును సంస్కృత ‘మాతృష్వసృ’ శబ్దమునుండి వచ్చినవి. అందు తల్లి విశేషణము, సోదరి ప్రధానము. తెలుగున ‘పెద్దమ్మ’, ‘పినతల్లి’ శబ్దములలో తల్లియే ప్రధానము, వయోభేదమే విశేషణము. ద్రావిడ బంధుత్వపద్ధతిలో తల్లి అక్కచెల్లెండ్రును తల్లులే. తండ్రి అక్కచెల్లెండ్రు మాత్రము అత్తలు. కావున ఈ నవలను తెలుగులోనికి తెచ్చువాడు ‘మీరా పిన్ని’ అని వ్రాసినచో, మూలమున క్రమక్రమముగ రుజువగు సంగతి మొదటి పుటలోనే ఉన్నట్లగును. పైగా సవతితల్లిని కూడ తెలుగిండ్లలో ‘పిన్ని’ యనియే పిలుతురు గనుక, ఆ మాటలో రక్షణతోపాటు ఒక అనుమానపు ఛాయయు చేరును. ‘మాసీ’ యని విడుచుటయే మేలు. అయినను తెలుగు పాఠకుడు దానిని తన బంధుత్వక్రమమున చదువుకొనుట తప్పదు. అట్లు చదువుటవలన నష్టముకంటె లాభమే యెక్కువ.

మీరాకు పండ్రెండవ యేట పెండ్లి, పదునైదవ యేట వైధవ్యము. భర్త చదువునకు ఇంగ్లండు పోయి అక్కడనే చనిపోయెను. అత్తవారింట ఏండ్ల తరబడి చాకిరి చేసి అరిగిపోయిన ఆమెను, పనికిమాలిన వస్తువును ఇంకొక యింటికి పంపినట్లు పంపిరి. పిల్లలు ఆమెకు చుట్టుకొనిరి. బిడ్డలకు పాలు చాలవని పోరి ఆమె యొక తెల్లని ఆవును కొనిపించినది. ఆ యావు ఒకరాత్రి కట్టు త్రెంచుకొని పెరటి నూతిలో పడి చచ్చినది. గోవును మాతయని కొలుచు దేశమున, పాలకై తెచ్చిన తల్లి నూతిలో మునిగి, మరి తీయబడక, నీటిని నల్లబరచి అక్కడనే ఉండిపోవుట పాఠకునకు విప్పి చెప్పనక్కరలేని సంకేతము. కొంత బాహాటమైన సంకేతమేయని విమర్శకుడనినను కాదనుటకు లేదు. అయితే మీరా మాసీ అంత్యకాలమున మద్యమునకు లోబడి, మతి చెదరి, తానును ఆ నూతిలోనికే పోవలెనని పలవరించుటతో ఆ సంకేతము బరువెక్కును. ఇద్దరు తల్లులలో ఒకరు బిడ్డలకు తన్ను తానీయలేదు. రెండవవారు ఇచ్చి ఇచ్చి ఏమియు మిగులలేదు. బిమల, తార చూచిన స్త్రీజీవితములు ఈ రెండే.

తార కోరినది చిన్నది. బాల్యమున పెద్దయైన పిమ్మట ఏమగుదువని ప్రశ్న వచ్చినపుడు రాజా వీరుడగుదుననెను, బిమల వీరాంగన నగుదుననెను. తార తల్లి నగుదుననగా తక్కిన యిద్దరును నవ్విరి. గర్భవతియైన తల్లి గులాబీల బాటలో పచారు చేయునపుడు తార ఆమెవెంట నడచినది. అది తల్లి తనకు దొరకిన అరుదైన కాలము. మొక్కల క్రింద ఏదో తెల్లగ మెరయగా ముత్యమనుకొని ఉరికి చూచినది, అది నత్త. పుట్టింటికి తిరిగివచ్చిన నడివయస్సు స్త్రీకి అదే బాటలో ఆ జ్ఞాపకము మేల్కొనుటతో నవల ఆరంభమగుచున్నది. తల్లియొద్ద ముత్యము వెదకి నత్తను కనుగొన్న బిడ్డ, అవకాశము దొరకినంతనే ఇల్లు విడిచినది. పొరుగింటి మిశ్రాగారి కుమార్తెలు జయ, సరళల స్నేహమువలన బకుల్‌తో పరిచయమైనది. పదునెనిమిది యేండ్లకే పెండ్లి, తరువాత విదేశవాసము. 1947 నాటి ఇంట రాజాకు క్షయ, మాసీకి మద్యము, వీధులలో దేశవిభజన కల్లోలము. వీని నడుమ నుండి ఆమె తప్పించుకొనినది.

ఇది స్వాతంత్ర్యమగునా? బకుల్ క్రమశిక్షణ గల భర్త. భార్యను తీర్చిదిద్దితినని నమ్మినవాడు. తార అతని వేళాపట్టిక ననుసరించి నడచుట నేర్చినది. పుట్టింట అడుగు పెట్టిన మరునాడే ఆ పట్టిక సడలి, ఆమె పాత సోమరితనమునకు దిగిపోవుట అతనికి చికాకు. ఆమెను ఇంటినుండి విడిపించిన చేయియే ఆమెను పట్టుకొని యున్నది. కొందరు విమర్శకులు తారను బలహీనురాలని తీసివేయుదురు. అది తొందరపాటు. తన భయము తనకు తెలిసిన స్త్రీ ఆమె. లోడీ తోటలో తేనెటీగలు అక్కను చుట్టుముట్టగా తాను పారిపోయితినను తప్పును ఏండ్ల తరబడి మోసి, చివరకు అక్కయెదుట నోరు విప్పుట పిరికిదాని పని కాదు. బిమలకు ఆ సంగతి అంతగ గుర్తుకూడ లేదు. ఒకరికి జీవితమంతయు వెంటాడిన నేరము ఇంకొకరికి మరచిన ముచ్చట. ఒకే యింట పెరిగిన అక్కచెల్లెండ్రు ఒకే బాల్యమును అనుభవించరనుటకు ఇంతకంటె మంచి ఉదాహరణము అరుదు.

అక్కచెల్లెండ్ర స్వేచ్ఛాకాంక్షకు నవలలో మిక్కిలి అందమైన రూపము ఒక పంట్లాము కథ. అన్నలేని వేళ ఇద్దరును రాజా పంట్లాములు తొడుగుకొని చూచిరి. ఆశ్చర్యము కలిగించినది దుస్తు కాదు, దానికున్న జేబులు. జేబులో చేయి పెట్టుకొని నిలిచిన మనిషి నిలుకడయే వేరు. తన వస్తువు తనయొద్ద, తన చేయి తన యిష్టము. బిమల అన్న సిగరెట్టు కూడ వెలిగించి చూచినది. మగపిల్లలకు ధైర్యమెక్కడనుండి వచ్చునను ప్రశ్నకు ఆ బాలికలు దర్జీవాని కత్తెరలో సమాధానము కనుగొనిరి. స్త్రీస్వాతంత్ర్యమును గూర్చిన అనేక వ్యాసములు చెప్పజాలని సంగతి ఈ చిన్న దృశ్యము చెప్పినది. ఆర్థిక స్వాతంత్ర్యము సిద్ధాంతము కాకమునుపు జేబు.

బిమల దానిని సంపాదించినది. పాఠశాలలో ఆమె ముందున్న పిల్ల. ఫ్లారెన్సు నైటింగేల్, జోన్ ఆఫ్ ఆర్క్ ఆమెకు ఆదర్శములు. మిశ్రాల కుమార్తెలు పెండ్లి మాట యెత్తగా ఆమె తాను పెండ్లియాడనని, పనిచేసి తన తిండి తాను సంపాదించుకొందునని, మాసీని బాబాను చూచుకొందునని, స్వతంత్రముగ ఉందునని చెప్పును. ఆ మాటల వరుసను నిదానముగ చూడవలెను. సంపాదనకును స్వాతంత్ర్యమునకును నడుమ ఇద్దరు ఆశ్రితులు వచ్చి కూర్చుండిరి. బాలికకు అందులో వైరుధ్యము కనబడలేదు. తల్లి చేయని పనిని తాను చేయుటయే ఆమె దృష్టిలో తల్లినుండి విముక్తి. అట్లు ఆమె తల్లి స్థానమునే ఆక్రమించుకొనినది. చరిత్రాధ్యాపకురాలై, రాజా క్షయవ్యాధికి సేవ చేసి, మాసీని కడదాక కనిపెట్టి, బాబాను నేటికిని సాకుచున్నది. వైద్యుడు బిశ్వాస్ ఆమెను వివాహమాడగోరెను, ఆమె తిరస్కరించినది. ఆమె కుటుంబమునకై తన జీవితమును అర్పించినదని అతడు మెచ్చుకొనగా బిమలకు కలిగినది కోపము, అవమానము. త్యాగమను మాట ఆమె ఎన్నుకొన్న జీవితమును ఎవరో రుద్దిన జీవితముగ మార్చివేసినది. తెలుగు నవలలలో ‘త్యాగమయి’ యగు అక్కను ఎన్నియో మార్లు చూచిన పాఠకుడు ఇచ్చట ఆగి ఆలోచింపవలసి యున్నది. త్యాగమయి యని పిలిపించుకొనుట ఇష్టములేని అక్క ఆ నవలలలో ఎంత అరుదో!

ఆమె స్వాతంత్ర్యమునకు వేరొక మూల చెదపురుగు పట్టినది. ఆ యిల్లు దాసు కుటుంబముది కాదు, అద్దెది. యజమాని పొరుగింటి హైదర్ అలీ సాహెబు, తెల్లని గుఱ్ఱముపై నదీతీరమున విహరించు సంపన్నుడు. రాజాకు ఉర్దూ కవిత్వాభిరుచి ఆయన గ్రంథాలయమున అబ్బినది. 1947 కల్లోలమున ఆ కుటుంబము ఢిల్లీ విడిచి హైదరాబాదు చేరినది. మరుసటి యేడు గాంధీమహాత్ముని హత్యానంతరము, ఆరోగ్యము కుదుటబడిన రాజా వారివెంట పోయి, ఆయన కుమార్తె బెనజీరును వివాహమాడి అక్కడనే స్థిరపడెను. మామగారి మరణానంతరము ఇంటి హక్కు అతనికి సంక్రమించెను. అప్పుడతడు చెల్లెలికొక లేఖ వ్రాసెను: ఇల్లు ఖాళీ చేయనక్కరలేదు, పాత అద్దెకే ఉండవచ్చును. ఉదారముగ వ్రాసిన ఆ లేఖ బిమలకు ఈటెపోటు. అన్నను ప్రాణాపాయమునుండి కాపాడిన చెల్లెలు అన్న ఇంట కిరాయిదారైనది. 1956 నాటి హిందూ వారసత్వచట్టము కుమార్తెకు తండ్రి ఆస్తిలో భాగమిచ్చినది. అయితే తండ్రి విడిచిపోయినది బీమా వ్యాపారమున కొంత వాటా, అద్దె యిల్లు, పేకముక్కలు మాత్రమే యైనప్పుడు చట్టమేమి చేయగలదు?

తెలుగు పరిశోధకునకు ఇందు ఒక ప్రత్యేకాకర్షణ యున్నది. నవలలో హైదరాబాదు ఒక్కమారైనను రంగముపైకి రాదు, అయినను అందరి చూపు అటే. రాజా కుమార్తె మోయ్నా పెండ్లి అక్కడ. తార ప్రయాణము అక్కడకు. బిమల పోనని పట్టుబట్టినదియు అక్కడికే. 1948 జనవరి ముగిసి రాజా బయలుదేరునాటికి హైదరాబాదు ఇంకను నిజాము పాలననే ఉన్నది. భారతయూనియనులో చేరినది అదే సంవత్సరము సెప్టెంబరులో. తెలంగాణమున రైతాంగపోరాటము సాగుచున్న కాలమది. ఆ సంగతులేవియు నవలకు పట్టలేదు. ఢిల్లీ ఇంటినుండి చూచినపుడు దక్షిణమునందలి ఆ నగరము అన్నకు దొరకిన కోరికల లోకము మాత్రమే. దీనిని చరిత్రలోపమనుటకంటె దృష్టికోణమనుట న్యాయము: రాజా ఒక కవిత్వసంప్రదాయముతోడను సంపన్న కుటుంబముతోడను కొత్త వంశమును సంపాదించుకొనెను, చెల్లెండ్రకు అట్టి వరము లేదు. ఆదరణ లేని తల్లి నుండి కుమారుడు నగరము మారి బయటపడెను, చిన్న కుమార్తె భర్త వెంట దేశము దాటినది, పెద్ద కుమార్తె ఇంటనే ఉండి బయటపడ యత్నించినది.

ఈ సందర్భమున ఆశాపూర్ణాదేవి వంగనవలాత్రయము తలంపునకు వచ్చును. 1964 నాటి ‘ప్రథమ ప్రతిశ్రుతి’లో (1976లో దీనికి జ్ఞానపీఠ పురస్కారము లభించినది) సత్యవతి, తనకు తెలియకుండ చిన్నతనముననే తన కుమార్తెకు పెండ్లి చేసిరని, సంసారమును విడిచి వెళ్లిపోవును. ఆ కుమార్తె సువర్ణలత తల్లి లేని కోడలై పెరుగును. అక్కడ తల్లి దూరమగుట ఒక నిరసన. దానికి కారణము కుమార్తె మీది ప్రేమయే. అయినను బిడ్డకు మిగిలినది లోటే. దాసు ఇంటి తల్లి దూరమునకు అట్టి ఉదాత్తకారణము చూపబడలేదు. ఇక్కడ అనితా దేశాయి కొంత కృపణత చూపినదనక తప్పదు. 1977 నాటి ‘ఫైర్ ఆన్ ది మౌంటెన్’ నవలలో ఆమెయే కసౌలీ కొండపై ఏకాంతము కోరిన నందా కౌల్‌ను సృష్టించినది: ఇంటెడు మందికి జీవితకాలము చేసి చేసి అలసి, ఇక నెవ్వరికిని అక్కరకు రానక్కరలేని స్థితిని కోరిన వృద్ధురాలామె. 1978లో కేంద్ర సాహిత్య అకాడమీ ఆ గ్రంథమునకు బహుమానమిచ్చినది. నందా కౌల్ అంతరంగమున చొరబడిన రచయిత్రి, బ్రిడ్జి ఆడు తల్లి అంతరంగమున తొంగి చూడలేదు. రోగము, వరుస కాన్పులు, మౌనియగు భర్త, పెద్ద ఇంటి బరువు, వీనినడుమ నాలుగు పేకముక్కలే ఆమె జేబు కావచ్చును గదా! పంట్లాము జేబులను చూచి మురిసిన బాలికలకు ఆ సంగతి తట్టలేదు. తట్టుట వారి వయసున సాధ్యమును కాదు. పాఠకుడు తల్లిని పిల్లల కన్నులతోనే చూచుచున్నాడు గనుక ఆమెకు తీర్పు చెప్పువాడు తన సాక్ష్యము ఎవరిదో మరువరాదు.

నాలుగవ భాగమున బిమల కోపము కట్టలు తెంచుకొనును. అది తగిలినది, విచిత్రముగ, ఎవరికిని హాని చేయని బాబాకు. వ్యాపారపు వాటా అమ్మివేసినచో నిన్ను హైదరాబాదు పంపవలసి వచ్చునని అతని ముఖముపై అన్నది. బాబా ఏమియు అనలేదు. తాను ఎన్నడును కోరుకొనని పోలిక, అనగా బిడ్డను భారముగ చూచిన తల్లి పోలిక, ఆ క్షణమున తనలో ఆమెకు కనబడినట్లున్నది. రచయిత్రి ఈ మాట వాచ్యముగ చెప్పదు. సన్నివేశముల కూర్పువలన తోచునది. తరువాతి రాత్రి ఆమె ఔరంగజేబు అంత్యదినములను గూర్చి చదివి, పాత కాగితములన్నియు తీసి, రాజా వ్రాసిన ఆ లేఖను చించివేయును.

తార బయలుదేరునపుడు బిమల చెప్పి పంపినది చాల చిన్న వర్తమానము: అన్నను రమ్మనుము. ఆమె మాత్రము పెండ్లికి పోలేదు. బాబాను ఒంటరిగ విడుచుటకు లేదు, తీసికొనిపోవుటకు లేదు. తార హైదరాబాదు దారి పట్టినది. ఆ సాయంకాలము బిమల బాబాను వెంటబెట్టుకొని పొరుగున మిశ్రాల యింట పాటకచేరీకి పోయి, వృద్ధుడగు గురువు గొంతు సవరించుకొనుచుండగా చీకటిలో కూర్చుండి వినినది.